లోపలికి వెళ్తేనే బయటికి: మా అబ్బాయి కొరియా పౌరసత్వం వదులుకోవడానికి పట్టిన 19 నెలలు

2024 మే 12, ఆదివారం. మా అత్తగారు చర్చి నుంచి వస్తూ కొరియన్ పేపర్ ఒకటి తెచ్చి, అందులో చిన్న ప్రకటన మీద వేలు పెట్టి చూపించారు. 2007లో పుట్టిన మగపిల్లలు 2025 మార్చి 31 లోగా "గుక్‌జొక్ ఇతాల్" దాఖలు చేయాలట. అంటే పౌరసత్వం వదులుకుంటున్నట్టు తెలపడం, అక్కడ మగవాళ్లకు తప్పనిసరైన సైనిక సేవ మీద పడకముందే. "మనకెందుకు అత్తయ్యా, వాడు ఇక్కడే పుట్టాడు, కొరియా పాస్‌పోర్టు వాడికి ఏనాడూ లేదు, అక్కడ ఏ రిజిస్టర్లోనూ పేరు లేదు" అన్నాను. నేను చెప్పిన మూడు ముక్కలూ నిజమే. కానీ వాటిలో ఒక్కటీ లెక్కలోకి రాదని రెండు వారాల్లో తెలిసొచ్చింది.

మాది న్యూజెర్సీ. మా ఆయన సియోల్‌లో పుట్టి, 1985లో తొమ్మిదేళ్లప్పుడు అమ్మానాన్నలతో ఇక్కడికి వలస వచ్చారు. ముందే వచ్చి స్థిరపడిన మేనత్త స్పాన్సర్ చేసింది. అమెరికా 1965 చట్టం తర్వాత కొరియన్ కుటుంబాలు ఎక్కువగా అలా ఒకరి వెనక ఒకరుగానే వచ్చాయి. వచ్చినవాళ్లు చాలామంది పెట్టినట్టే మా మామగారూ డ్రై క్లీనింగ్ షాపు పెట్టారు. నాది గుంటూరు. ఇప్పటికీ ఇండియన్ పాస్‌పోర్టే. మా పెళ్లి 2005లో. అబ్బాయి అర్జున్ 2007 అక్టోబరులో పుట్టాడు. మా ఆయన అమెరికా పౌరసత్వం తీసుకున్నది 2010 మేలో. అమ్మాయి 2011లో పుట్టింది.

ఈ తేదీలన్నీ ఊరికే చెప్పడం లేదు. కథంతా వీటిలోనే ఉంది. కొరియా చట్టం చూసేది బిడ్డ పుట్టిన రోజున తల్లిగానీ తండ్రిగానీ కొరియా పౌరులా కాదా అన్నది ఒక్కటే. అవును అయితే బిడ్డ కూడా కొరియా పౌరుడే. ఎక్కడ పుట్టాడు, పేరు నమోదైందా అన్నవి అనవసరం. 2007లో మా ఆయన గ్రీన్‌కార్డు మీదున్న కొరియా పౌరుడు, కాబట్టి అర్జున్ పుట్టుకతోనే కొరియన్. 2010లో అమెరికా పౌరసత్వం తీసుకున్న రోజే మా ఆయన కొరియా పౌరసత్వం దానంతటదే పోయింది, కాబట్టి అమ్మాయి కాదు. ఒకే ఇంట్లో అన్న కొరియన్, చెల్లి కాదు.

మన తెలుగువాళ్లకు ఇది తలకెక్కకపోవడానికి కారణం ఉంది. ఇండియా పద్ధతి దీనికి పూర్తిగా తిరగేసి ఉంటుంది. 2004 డిసెంబరు తర్వాత విదేశంలో పుట్టిన బిడ్డను ఏడాదిలోగా మన కాన్సులేట్‌లో నమోదు చేయిస్తేనే భారత పౌరసత్వం వస్తుంది. చేయించలేదు కాబట్టి అర్జున్ ఇండియన్ కాలేదు. నేను అదే లెక్క కొరియాకూ వేసుకున్నాను. అక్కడ నమోదు పౌరసత్వాన్ని ఇవ్వదు, ఉన్నదాన్ని రాసిపెడుతుందంతే. రాయలేదు కదా అని లేకుండా పోదు. మన వైపు నుంచి కొరియా అమ్మాయిని చేసుకున్న అబ్బాయిలు కూడా ఇది చదవాలి. 1998 జూన్ 14కు ముందు తండ్రి వైపు నుంచి మాత్రమే వచ్చేది, ఆ తర్వాత తల్లి వైపు నుంచీ వస్తోంది.

గడువు ఎలా లెక్కపెడతారన్నది అందరూ బోల్తాపడే చోటు. పద్దెనిమిదేళ్లు నిండేదాకా టైముందని అనుకుంటాం. కాదు. పద్దెనిమిది నిండే సంవత్సరం జనవరి 1న అబ్బాయి సైనిక సేవకు అర్హుల లెక్కలోకి వెళ్తాడు. అప్పటి నుంచి మూడు నెలలు, అంటే మార్చి 31. మావాడికి పద్దెనిమిది నిండేది 2025 అక్టోబరులో అయినా గడువు ముగిసేది పదిహేడున్నర కూడా నిండకముందే. డిసెంబరులో పుట్టినవాడికీ ఇదే తేదీ.

గడువు దాటితే? సైనిక సేవ చేసి రావాలి (సైన్యంలో ఏడాదిన్నర), లేదా ముప్పై ఏడేళ్లు నిండే సంవత్సరం చివరిదాకా ద్వంద్వ పౌరుడిగా ఉండిపోవాలి. అమెరికాలోనే ఉంటే ఎవరూ వచ్చి పట్టుకుపోరు. కానీ కొరియాలో ఎక్కువకాలం చదవాలన్నా, ఉద్యోగం చేయాలన్నా సైన్యం ప్రశ్న ఎదురొస్తుంది. ఇక్కడ రహస్య సమాచారం చూసే అనుమతి (సెక్యూరిటీ క్లియరెన్స్) కావాల్సిన ప్రభుత్వ ఉద్యోగాల ఫారాల్లో "వేరే దేశపు పౌరసత్వం ఉందా" అన్న గడి దగ్గర ఆగిపోవాలి. ఈ గడువు నియమం రాజ్యాంగానికి సరిపోలేదని 2020 సెప్టెంబరులో కొరియా రాజ్యాంగ న్యాయస్థానం తేల్చింది. 2022 అక్టోబరు 1 నుంచి, గడువు దాటినా విదేశంలో పుట్టి అక్కడే పెరిగినవాళ్లు కారణం చూపి అనుమతి అడిగే దారి పెట్టారు. అయితే అక్కడ కమిటీ ఉంటుంది, కారణం వాళ్లకు నచ్చాలి. గడువు లోపల అయితే కాగితాలు సరిగ్గా ఉంటే చాలు. చేతిలో పది నెలలుండగా ఆ రెండో దారి గురించి ఆలోచించడం దండగ అనుకున్నాం.

మే 28న కాన్సులేట్‌కు వెళ్లాం. నేరుగా వెళ్తే లోపలికి రానివ్వరు, కాన్సులర్ సేవల వెబ్‌సైట్లో అపాయింట్‌మెంట్ తీసుకోవాలి. మాకు దొరికింది పన్నెండు రోజుల తర్వాతది. శీతాకాలంలో వెతికేవాళ్లకు ఇంతకన్నా దూరం పోతుంది, ఎందుకంటే ఆ ఏడాది గడువున్న కుటుంబాలన్నీ జనవరి నుంచి ఒక్కసారిగా వచ్చిపడతాయి.

కౌంటర్లో ఉన్నావిడ మా ఆయన వివరాలు కంప్యూటర్లో చూసి తల ఎత్తి నా వైపు చూసింది. రికార్డుల ప్రకారం మా ఆయన కొరియా పౌరుడు, అవివాహితుడు, పిల్లలు లేరు. పందొమ్మిదేళ్ల కాపురం, ఇద్దరు పిల్లలు, పద్నాలుగేళ్ల అమెరికా పౌరసత్వం, ఒక్కటీ అక్కడికి చేరలేదు. చేర్చాల్సింది మేమే. కొడుకు పేరు రిజిస్టర్లోంచి తీయాలంటే ముందు ఉండాలి. కొడుకు పేరు ఎక్కాలంటే ముందు మా పెళ్లి ఎక్కాలి. మా ఆయన పౌరసత్వం పోయిన సంగతి కూడా చెప్పాలి, కానీ మొదట కాదు. ఆవిడ ఒక కాగితం మీద వరస రాసిచ్చింది: పెళ్లి నమోదు, పుట్టుక నమోదు, తండ్రి పౌరసత్వం పోయినట్టు నివేదిక, కొడుకు వదులుకునే నివేదిక. చివరి రెండూ ఒకేరోజు ఇవ్వొచ్చు. ఎప్పుడో పెళ్లయి వెళ్లిన కూతురి పేరు రేషన్ కార్డులోంచి తీయించాలంటే అసలు ఆ పేరు కార్డులో లేదు, ముందు చేర్పించుకుని రండి అన్నట్టుంది.

ఇంకో ప్రశ్న కూడా అడిగింది. బిడ్డ పుట్టినప్పుడు తల్లిదండ్రులు ఇక్కడ ఏ హోదాలో ఉన్నారు? 2005లో తెచ్చిన మార్పు ప్రకారం, విదేశంలో స్థిరపడే ఉద్దేశం లేకుండా వచ్చి బిడ్డను కన్నవాళ్లకు ఈ సులువైన దారి లేదు, కొడుకు సైన్యం సంగతి తేలాకే వదులుకోగలడు. కాన్పు కోసం అమెరికా వచ్చిపోయేవాళ్లను ఆపడానికి పెట్టిన అడ్డు ఇది. మా ఆయనకు చిన్నప్పటి నుంచీ గ్రీన్‌కార్డు ఉండటంతో మాకు ఇబ్బంది రాలేదు. స్టూడెంట్ వీసా మీదో ఉద్యోగ వీసా మీదో ఉండగా పిల్లలు పుట్టినవాళ్లు ఈ ఒక్క విషయం ముందే అడిగి తేల్చుకోవాలి.

జూన్ నెలంతా కాగితాల వేట. బర్త్ సర్టిఫికెట్ మా దగ్గరున్నది చిన్న రకం, స్కూల్ అడ్మిషన్‌కు చూపించేది. అది పనికిరాదు. తల్లిదండ్రుల వివరాలు, పుట్టిన చోటు, పుట్టిన సమయం ఉండే పూర్తి ప్రతి కావాలి. కొరియా పుట్టుక ఫారంలో గంట, నిమిషం రాయడానికి గడులున్నాయి. రాష్ట్రం నుంచి తెప్పించుకుంటే 25 డాలర్లు, అయిదు వారాలు పట్టింది. పెళ్లి సర్టిఫికెట్ ఇంకో 25. రెండింటికీ అపోస్టిల్ (విదేశాల్లో చెల్లడానికి వేసే ప్రభుత్వ ధ్రువీకరణ) కూడా వేయించాను, మరో 50 డాలర్లు. ఇండియా పనులకు అలవాటైన చేయి కదా, ఎవరూ అడక్కుండానే వేయించేసింది. కాన్సులేట్‌లో దాన్ని ఎవరూ చూడను కూడా చూడలేదు. అనువాదానికి నోటరీ అక్కర్లేదు, ఇంట్లో మనమే చేసుకోవచ్చు. కింద అనువాదకుడి పేరు, సంతకం ఉంటే చాలు. కొరియన్ దుకాణాల వీధిలో ఒక ఆఫీసువాళ్లు మొత్తం పని చేసిపెట్టడానికి 1,200 డాలర్లు అడిగారు. కొరియన్ చదవడం రాని ఇల్లయితే ఆ డబ్బు ఇవ్వడంలో తప్పులేదు. మాకు అత్తగారున్నారు.

అత్తగారు లేకపోతే నిజంగా ఆగిపోయేవాళ్లం. ప్రతి ఫారంలోనూ "దుంగ్‌నోక్ గిజున్‌జి" అని ఒక గడి ఉంటుంది. రిజిస్టర్ ఏ అడ్రసు పేరు మీద ఉందో అది. ఆ మనిషి అక్కడ ఎప్పుడూ ఉండి ఉండకపోవచ్చు. మా ఆయన పుట్టింది సియోల్‌లోనే అయినా ఆ అడ్రసు కొరియాలోనే దక్షిణ జొల్లా రాష్ట్రంలో వాళ్ల తాతగారి ఊరిది. తొమ్మిదేళ్లప్పుడు దేశం విడిచిన మనిషికి అదెలా తెలుస్తుంది? అత్తగారు లోపలికెళ్లి పాత బిస్కెట్ల డబ్బా పట్టుకొచ్చారు. అందులో 1985లో వీసా కోసం తీయించిన "హోజొక్" నకలుంది. 2008 దాకా కొరియాలో ఇంటి యజమాని పేరు మీద కుటుంబమంతటికీ కలిపి ఒకటే రిజిస్టర్ ఉండేది, అదే హోజొక్. 2008 జనవరి 1 నుంచి దాన్ని రద్దు చేసి, మనిషికో రికార్డు పెట్టారు.

ఆ నకలు చేతిరాతతో, నిలువు వరసల్లో, సగం పైగా చైనా అక్షరాలతో ఉంది. ఒక గడి మీద ఈ మూల నుంచి ఆ మూలకు పెద్ద ఇంటూ మార్కు కొట్టి ఉంది. చనిపోయారేమో అనుకున్నాను. కాదట, పెళ్లయి అత్తారింటి రిజిస్టర్లోకి వెళ్లిపోయిన ఆడపిల్ల. అలా ఇంటూ కొట్టించుకున్న ఆ మేనత్తే తర్వాత ఈ కుటుంబం మొత్తాన్ని అమెరికాకు రప్పించింది.

పుట్టుక ఫారంలో ఇంటిపేరు పక్కన "పోన్" అని ఇంకో గడి ఉంది. మనకు గోత్రం ఎలాగో వాళ్లకు అలాంటిది, కాకపోతే ఒక ఊరి పేరు. కిమ్ అంటే సరిపోదు, ఏ ఊరి కిమ్ అన్నది చైనా అక్షరాల్లో రాయాలి. వీళ్లు గిమ్‌హే కిమ్‌లు. వాళ్ల వంశ గాథలో మూలపురుషుడు సురో రాజు పెళ్లాడింది సముద్రం దాటి వచ్చిన ఆయుత దేశపు రాజకుమార్తెను, ఆ ఆయుత అయోధ్యేనని చాలామంది నమ్మకం. చరిత్ర సంగతి నాకనవసరం గానీ, ఆ గడి నింపుతూ అత్తగారు "మొదటి కోడలు కూడా మీ వైపు నుంచే" అని నవ్వడం మాత్రం బాగుంది.

జూలై 18న పెళ్లి, పుట్టుక రెండు ఫారాలూ ఒకేసారి ఇచ్చాం. పెళ్లి తొమ్మిది రోజుల్లో ఎక్కింది. పుట్టుక వెనక్కొచ్చింది. తప్పు నాదే.

నా ఇంటిపేరు కొత్తపల్లి. దాన్ని కొరియా లిపిలో రాయాలి. ఆ లిపి మనకు పరాయిగా అనిపించదు. మనం గుణింతంతో అక్షరం కట్టినట్టే వాళ్లూ హల్లు, అచ్చు కలిపి ఒక గడిగా పేరుస్తారు, కావాలంటే కింద ఇంకో హల్లు తగిలిస్తారు. ఆ కింది హల్లును "బత్చిమ్" అంటారు, చూడటానికి మన ఒత్తులాగే కిందే కూర్చుంటుంది. పెళ్లి ఫారంలో "త్త" బాగా పలకాలని "కొ" గడి కింద "స" అక్షరం పెట్టాను. కింద ఉన్నప్పుడు దాన్ని "త్" అనే పలుకుతారు. మూడు రోజుల తర్వాత పుట్టుక ఫారం నింపేటప్పుడు ఆ సంగతి మరిచిపోయి మామూలుగా రాసేశాను. నాకు రెండూ ఒకటే పేరు. రిజిస్టర్‌కు మాత్రం పెళ్లాడింది ఒకామె, బిడ్డను కన్నది ఇంకొకామె. ఫోన్ చేసి చెప్పినావిడ చాలా మర్యాదగానే అడిగింది, "ఈ ఇద్దరిలో మీరెవరు?" అని.

కాబట్టి మొదటి ఫారం నింపేముందే ఒక తెల్ల కాగితం మీద ఇంట్లో అందరి పేర్లూ కొరియా లిపిలో ఒక్కసారి రాసి, ఫొటో తీసి, ఇక ప్రతిచోటా అదే చూసి ఎక్కించండి. మన పేర్లలో ఒత్తులు, "వ", "ళ", "ణ" ఉన్నచోటల్లా రెండు మూడు రకాలుగా రాసే వీలుంటుంది. వాళ్లకు "వ" లేదు, "బ"తో రాస్తారు. పాస్‌పోర్టులో ఇంటిపేరు, పేరు ఏ వరసలో ఉన్నాయో ఆ వరస కూడా అన్నిచోట్లా ఒకటే ఉండాలి. "అర్జున్"తో ఇబ్బంది రాలేదు, "అ-రు-జున్" అని మూడు గడుల్లో ఇమిడిపోయాడు.

ఆగస్టు 8న మళ్లీ ఇచ్చాం. 22న ఎక్కింది. పదహారేళ్లు ఆలస్యమైందని జరిమానా వేస్తారేమోనని భయపడ్డాం గానీ మమ్మల్ని ఎవరూ ఏమీ అడగలేదు.

ఆ వారమే కుటుంబ సంబంధాల సర్టిఫికెట్ తీసుకున్నాం. ఒక్క పేజీ. మా ఆయన పేరు, కింద వాళ్ల అమ్మానాన్నలు, భార్య గడిలో ఒత్తుతో సహా నేను, పిల్లల గడిలో కిమ్ అర్జున్. అమ్మాయి పేరు ఉండదు, మా ఆయన కొరియన్‌గా ఉండగా పుట్టలేదు కదా. మామగారు దాన్ని చాలాసేపు చూసి, ఇంకో కాపీ కావాలన్నారు. దేనికని అడిగితే ఊరికేనన్నారు. మడిచి బైబిల్లో పెట్టుకోవడం తర్వాత చూశాను. మనవడి పేరు రిజిస్టర్‌కు ఎక్కించింది తీసేయడానికేనని ఆయనకు తెలుసు. మూడు నెలలు మాట్లాడలేదు దాని గురించి.

సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో అపాయింట్‌మెంట్లు ఖాళీగానే ఉన్నా మేము తీసుకోలేదు. ఆగిపోయింది అర్జున్ దగ్గర. పదిహేనేళ్లు దాటినవాడు తనే స్వయంగా వచ్చి సంతకం పెట్టాలి, మనం పెట్టడానికి లేదు. వాడేమో "నన్నడక్కుండా ఇచ్చారు, ఇప్పుడు అడక్కుండా తీసేస్తారా" అన్నాడు. మాట కటువుగా ఉన్నా ప్రశ్న సరైనదే. వాడికి కాలేజీ అయ్యాక ఒక ఏడాది సియోల్‌లో ఉండాలని ఉంది. వదులుకుంటే ఏం పోతుందో కూర్చోబెట్టి చెప్పాల్సి వచ్చింది. కొరియా మూలాలున్న విదేశీయులకు ఇచ్చే ఎఫ్-4 వీసాతో అక్కడ దాదాపు సొంతవాళ్లలా ఉండి పనిచేసుకోవచ్చు. కానీ 2018 మే 1 తర్వాత సైన్యం చేయకుండా పౌరసత్వం వదిలిన మగవాళ్లకు నలభై ఏళ్లు నిండిన సంవత్సరం చివరిదాకా ఆ వీసా ఇవ్వరు. మామూలు అమెరికన్లలా చూసిరావడానికి వెళ్లొచ్చు, చదువుకో ఉద్యోగానికో దానికి తగ్గ వేరే వీసా తీసుకోవచ్చు. అత్తగారి చర్చిలో ఇద్దరు తల్లులు "వదిలేస్తే ఎఫ్-4 ఎప్పుడైనా తీసుకోవచ్చు" అని మాకు ధైర్యం చెప్పారు, అది పాత మాట. పిల్లవాడికి ఈ సంగతి సంతకానికి ముందే తెలియాలి.

వాడు అయిదు వారాలు తీసుకున్నాడు. ఒక రాత్రి వచ్చి "సరే, పెడతాను, కానీ ఆ రోజు స్కూల్లో పరీక్ష ఉండకూడదు" అన్నాడు.

2024 నవంబరు 21. ఆ రోజు మేం పట్టుకెళ్లినవి ఇవీ: వదులుకునే నివేదిక ఫారం, విదేశంలో నివాసం ఉన్నట్టు రాసే ఫారం, బర్త్ సర్టిఫికెట్, దాని అనువాదం, వాడి అమెరికా పాస్‌పోర్టు, కొత్తగా తీసిన వాడి ప్రాథమిక సర్టిఫికెట్ (రిజిస్టర్లో పుట్టుక, పౌరసత్వం వివరాలు చూపించేది), కుటుంబ సంబంధాల సర్టిఫికెట్, వాళ్ల నాన్నవీ అవే, నా పాస్‌పోర్టు, మా ఆయన అమెరికా పౌరసత్వపు సర్టిఫికెట్, ఫొటోలు. ప్రతిదానికీ జిరాక్స్ విడిగా. పౌరసత్వపు సర్టిఫికెట్ మీదే అనుమతి లేకుండా దీన్ని కాపీ చేస్తే శిక్ష అని అచ్చేసి ఉంటుంది, అది చూసి మా ఆయన జిరాక్స్ తీయడానికి జంకారు. ఇలా అధికారిక పనికి ఇచ్చే కాపీకి ఇబ్బంది లేదు, అసలుది చూసి వెనక్కిచ్చేస్తారు.

ఆ సర్టిఫికెట్ మీద మా ఆయనకు ఇంగ్లీషు పేరుంది. పౌరసత్వం తీసుకునేటప్పుడు పేరు ముందు చేర్చుకున్నది. కొరియా రిజిస్టర్లో లేదు. ఇలాంటప్పుడు ఇద్దరూ ఒకరేనని రాసిచ్చే ఫారం ఒకటుంది, కౌంటర్ దగ్గరే నింపించారు. మనవాళ్లకు ఇండియాలో అలవాటైన "సదరు పేర్లు గల వ్యక్తి నేనే" అఫిడవిట్ లాంటిదే, స్టాంపు పేపరు లేకుండా.

ఫొటోల దగ్గర ఇరుక్కున్నాం. అమెరికా పాస్‌పోర్టు ఫొటో రెండంగుళాల చదరం. వాళ్లకు కావాల్సింది 3.5 సెంటీమీటర్ల వెడల్పు, 4.5 ఎత్తు. చదరం ఫొటోను కత్తిరిస్తే తల సైజు కుదరదు. కింద వీధిలోకి పరిగెత్తి 17 డాలర్లకు తీయించుకొచ్చాం. నలభై నిమిషాలు పోయాయి, పాపం మా టోకెన్ పక్కన పెట్టి ఉంచారు. ఫీజు ఇరవై డాలర్ల లోపే, నగదు. చిల్లర దగ్గర పెట్టుకోండి. ఆ రోజు పార్కింగ్‌కు దానికి రెండింతలైంది.

వాడు సంతకం కొరియా లిపిలో పెట్టాడు. ఎవరూ అడగలేదు. వాళ్ల తాత నేర్పించారట వారం ముందు.

దాఖలైనట్టు ఒక రసీదు ఇస్తారు. దాన్ని స్కాన్ చేసి, మెయిల్ చేసుకుని, ఒక కాపీ బీరువాలో పెట్టండి. గడువుకు లెక్క ఆ రసీదు మీది తేదీయే. నిర్ణయం ఎప్పుడొచ్చినా ఫరవాలేదు. ఇది తెలియక మార్చి వచ్చేసరికి నేను రెండు రాత్రులు నిద్రపోలేదు, 31 దగ్గరపడుతోంది, ఇంకా ఏ కబురూ లేదని. ఫోన్ చేస్తే "నవంబరులోనే ఇచ్చారు కదా" అన్నారు. అయితే పౌరసత్వం పోయేది మాత్రం కొరియా న్యాయశాఖ మంత్రి దాన్ని స్వీకరించిన రోజే. అంటే ఆ మధ్యకాలమంతా వాడు ఇంకా కొరియన్. 2025 వేసవిలో అత్తగారి అక్క డెబ్బై అయిదో పుట్టినరోజుకు వాణ్ని తీసుకెళ్లాలనుకున్నారు. వదులుకునేవాడి నివాసం విదేశంలోనే ఉండాలన్నది షరతు, పది రోజుల ప్రయాణంతో అది చెడదేమో గానీ, మేం పంపలేదు. ఆ పెద్దావిడ వీడియోలో పలకరించి, వీడు లావయ్యాడని బాధపడింది.

ఇక ఎదురుచూపు. ఆరు నెలల నుంచి ఏడాది పైన పట్టొచ్చని ముందే చెప్పారు. మా ఆయన పౌరసత్వం పోయిన నివేదిక ముందుగా, వేసవిలోనే ముగిసింది. కొడుకుది పన్నెండు నెలలు దాటింది. ఈలోగా కాలేజీ దరఖాస్తుల సీజను వచ్చింది. పౌరసత్వం అడిగిన ప్రతిచోటా "అమెరికా, కొరియా" అని రెండూ రాయాల్సి వచ్చింది. అప్పటికి నిజం అదే కదా.

2025 డిసెంబరు 16న, మేం ఇచ్చిన కవర్లోనే ఉత్తరం వచ్చింది. స్వీకరించినట్టు ఒక నోటీసు. ఒక్క పేజీ, మధ్యలో తేదీ. కొన్నాళ్లకు వెళ్లి ప్రాథమిక సర్టిఫికెట్ మళ్లీ తీయించాం, ఎందుకంటే వేరే చోట్ల సాక్ష్యంగా అడిగేది దాన్నే. పైన "మూసివేయబడింది" అని ఉంది. పేరు చెరిపేయరు, ఇంటూ మార్కు కూడా కొట్టరు ఇప్పుడు. ఎందుకు మూశారో, ఏ రోజున మూశారో కింద రెండు వరసలు. 2024 ఆగస్టులో ఎక్కి, 2025లో మూతపడిన రికార్డు.

ఖర్చు మొత్తం 260 డాలర్ల చిల్లర తేలింది, అందులో అపోస్టిల్ 50 నా తెలివితక్కువకు. కాన్సులేట్‌కు అయిదుసార్లు వెళ్లాం. అందులో రెండుసార్లు మా పొరపాట్ల వల్లే.

ఉత్తరం వచ్చిన రాత్రి మా ఆడపడుచు గుర్తొచ్చింది. వాళ్ల అబ్బాయి 2010 ఫిబ్రవరిలో పుట్టాడు, గడువు 2028 మార్చి 31 అవుతుంది. ఆవిడ భర్త ఇటాలియన్ మూలాల అమెరికన్, కాబట్టి చూడాల్సింది ఆవిడ తేదీ ఒక్కటే. అప్పటికప్పుడు ఫోన్ చేసి, సిటిజెన్‌షిప్ సర్టిఫికెట్ తీసి తేదీ చదవమన్నాను. బేస్‌మెంట్లో వెతికి తీసేసరికి అరగంట పట్టింది. 2009 నవంబరు. మూడు నెలల తేడాలో వాళ్లు ఏ కౌంటర్‌కూ వెళ్లక్కర్లేదు. ఆవిడ మాత్రం సర్టిఫికెట్ చేతిలో పట్టుకుని, "అంటే వీడు ఎప్పుడూ కొరియన్ కానే కాదా?" అని రెండుసార్లు అడిగింది.